‘నాకేం లోటు?’ అన్న మనిషికి అన్యాయం జరిగిందని ఎలా చెప్పగలం? ఉపయోగితావాదం మీద ఒక సందేహం

గోదావరి గట్టు:

మిత్రులందరికీ నమస్కారం. కొన్ని నెలలుగా, ఉపయోగితావాదం అనే నీతి సిద్ధాంతాన్ని చెప్పిన ఆంగ్ల తత్త్వవేత్తలు జెరెమీ బెంథమ్, జాన్ స్టువార్ట్ మిల్ రచనలను నెమ్మదిగా చదువుకుంటూ వస్తున్నాను. ఒక పని మంచిదా చెడ్డదా అని తేల్చడానికి దానివల్ల ఎవరికి ఎంత సుఖం, ఎంత దుఃఖం కలిగిందన్నదే గీటురాయి కావాలని 1789లో వెలువడిన బెంథమ్ గ్రంథం చెబుతుంది. శాస్త్రంలో ఉందనో, పెద్దలు చేశారనో, కులాచారమనో సర్దిచెప్పుకోకుండా, దీనివల్ల ఎవరికైనా నొప్పి కలిగిందా అని సూటిగా అడగడంలో ఉన్న నిజాయితీ నన్ను కట్టిపడేసింది. అయితే ఆ గీటురాయిని మా ఇంటి మనిషి ఒకరి జీవితానికి ఆనించి చూడబోయేసరికి నా చెయ్యి ఆగిపోయింది.

మా నాన్నగారి మేనత్తను ఇంటిల్లిపాదీ దొడ్డమ్మ అనే పిలిచేవాళ్లం. ఏడో ఏట పెళ్లి, పదకొండో ఏట వైధవ్యం. భర్త ముఖం కూడా ఆమెకు గుర్తు లేదు. ఆ తరువాత అరవై ఏడేళ్ల పాటు పుట్టింట్లోనే, జుట్టు తీయించిన తలతో, తెల్ల పంచెతో, ఒంటిపూట భోజనంతో బతికింది. ఏకాదశి నాడు ఆ పూటా లేదు. ఇంట్లో ఏ శుభకార్యం జరిగినా వంటంతా ఆమె చేతి మీదుగానే నడిచేది కానీ, ఆమె మాత్రం పెరటి వసారా దాటి ముందుకు వచ్చేది కాదు. 1984లో పోయింది. అంతకు నాలుగేళ్ల ముందు, కాలేజీలో చదువుకుంటున్న ఆవేశంలో, నీకు ఎప్పుడూ కష్టం అనిపించలేదా దొడ్డమ్మా అని అడిగాను. చేటలో బియ్యం ఏరుతూ, తల ఎత్తకుండానే, “నాకేం లోటురా నాయనా, మా అన్నయ్య పట్టెడన్నం పెట్టాడు, మీరంతా కళ్ల ముందు తిరుగుతున్నారు, రాముడున్నాడు” అంది. ఆమె అబద్ధం చెప్పలేదు. అన్నీ అమరిన వారి ముఖాల్లో కూడా నాకు అంతటి నెమ్మది కనిపించలేదు.

నా సందేహం ఇదే. సుఖమే ఏకైక కొలత అయితే, తాను సుఖంగానే ఉన్నానని మనస్ఫూర్తిగా చెప్పిన దొడ్డమ్మకు జరిగినదాన్ని అన్యాయం అని ఏ ఆధారంతో అనగలం? అన్యాయమే అంటే, సుఖం కాక మరొక కొలత ఏదో ఉందని ఒప్పుకోవాలి కదా? పెద్దలు, చదువుకున్నవారు విడమరచి చెప్పమని కోరుతున్నాను.

లెక్కల మాస్టారు:

గోదావరి గట్టు గారూ, మీ దొడ్డమ్మ గారి వంటివారు మా ఇంట్లోనూ ఉండేవారు కనుక మీ ప్రశ్న నాకు పుస్తకాల ప్రశ్నగా కనిపించడం లేదు. నేను చాలా ఏళ్లుగా ఉపయోగితావాదాన్ని నమ్ముతున్నవాణ్ని, ఆ పక్షాన నిలబడే సమాధానం చెబుతాను.

బెంథమ్ చెప్పిన పద్ధతిలో అడగవలసిన ప్రశ్న ‘ఈ మనిషి తృప్తిగా ఉన్నాడా?’ అన్నది కాదు. ఈ ఆచారం ఉన్న లోకంలో కలిగిన మొత్తం సుఖం ఎంత, అది లేని లోకంలో కలగగలిగిన సుఖం ఎంత అని రెంటినీ పక్కపక్కన పెట్టాలి. సుఖానికి తీవ్రత, వ్యవధి, నిశ్చయం, సామీప్యం, మరిన్ని సుఖాలకు దారితీసే గుణం, దుఃఖంతో కలవని శుద్ధత, ఎంతమందికి అందుతుందన్న విస్తృతి అని ఆయన ఏడు కొలతలు చెప్పాడు. వీటిలో ఏ ఒక్కటీ ‘నాకు లోటు తెలుస్తోంది’ అన్న భావన మీద ఆధారపడదు. మన డెల్టాలోనే కాలువ శివారు భూములు చూడండి. దాళ్వాకు నీళ్లు ఎన్నడూ అందని రైతు, ఏటా సార్వా పంట ఇంటికి చేరితే చాలునని తృప్తిగానే బతుకుతాడు. రాని రెండో పంట కోసం అతను ఏడవడు. అతను ఏడవనంత మాత్రాన ఆ గింజలు నష్టం కాకుండా పోతాయా? మీ దొడ్డమ్మ గారికి చదువు, సంసారం, పిల్లలు, పండుగనాడు నలుగురితో కలిసి కూర్చునే సంతోషం దక్కలేదు. వాటి నుంచి పుట్టవలసిన సుఖం పుట్టలేదు. ఆమెకు తెలియకపోయినా ఆ నష్టం నష్టమే, అదీ సుఖం భాషలోనే. మరొక కొలత అవసరం నాకు కనిపించడం లేదు.

ప్లీడరు, గుంటూరు:

మాస్టారి దాళ్వా ఉపమానం బాగుంది కానీ, అది తేలికగా చేతికి వచ్చినట్టు కనిపించే చోటే చిక్కు ఉంది. గింజలను బస్తాల్లో తూచవచ్చు. పుట్టని సుఖాన్ని ఎవరు, ఏ కాటా మీద తూస్తారు? ఆమె సంసారం చేసి ఉంటే మరింత సుఖపడేదని మీరు ఎలా అంటారు? ఎందరి సంసారాలు నరకాలు కాలేదు? ‘సంసారం చేసి ఉంటే ఎక్కువ సుఖపడేది’ అన్న ఊహ తప్పని తేలితే, ఆ పిల్లకు గుండు చేయించడం తప్పు కాకుండా పోతుందా? పదకొండేళ్ల పిల్లను అడగకుండా ఆమె జీవితం మొత్తాన్ని ఒక మూలకు నెట్టేశారన్నది తప్పు కావడానికి, తరువాత ఆమె ఎంత సుఖపడిందన్న లెక్క తేలేదాకా ఎందుకు ఆగాలి?

ఈ విషయంలో అమర్త్య సేన్ చేసిన విమర్శ తప్పక గుర్తు చేసుకోవాలి. బెంగాల్ కరువు వచ్చిన మరుసటి ఏడు, అంటే 1944లో, కలకత్తా దగ్గరి సింగూరులో అఖిల భారత ఆరోగ్య విజ్ఞాన, ప్రజారోగ్య సంస్థ ఒక సర్వే చేసింది. భార్య పోయిన మగవారిలో 48.5 శాతం మంది తమకు జబ్బుగా ఉందనో, ఒంట్లో అంత బాగా లేదనో చెప్పుకున్నారు. భర్త పోయిన ఆడవారిలో అలా చెప్పినవారు 2.5 శాతం మాత్రమే. ఆ రోజుల్లో బెంగాల్ పల్లెలో ఒక వితంతువుకు ఏపాటి తిండి, ఏపాటి వైద్యం అందేవో తెలిసినవారెవరైనా ఈ అంకెలు చూసి వితంతువులే ఆరోగ్యంగా ఉన్నారని అనుకోగలరా? దీర్ఘకాలం అణగారిన మనిషి తన కోరికలను తనకు దొరికే దానికి సరిపడా కత్తిరించుకుంటుంది, అలా కత్తిరించుకోవడమే బతకడానికి మార్గం కనుక. అందువల్ల సుఖాన్నో, తృప్తినో కొలతగా తీసుకుంటే, ఎంత ఎక్కువగా అణచివేస్తే అంత తక్కువ నష్టం కనిపించే విపరీతం ఏర్పడుతుందని సేన్ వాదన. ఒక మనిషి ఏమి చేయగలుగుతోంది, ఏమి కాగలుగుతోంది అన్న సామర్థ్యాలను చూడాలి తప్ప, ఆమె ముఖంలోని నెమ్మదిని చూసి తీర్పు చెప్పకూడదు. మన వృత్తిలోనూ ఇదే అనుభవం. భరణం కేసుల్లో ‘నాకు ఏమీ వద్దండీ’ అనే ఆడవారి కోసమే నేను ఎక్కువగా వాదించవలసి వచ్చింది.

ఆకాశవాణి శ్రోత:

ఒక చిన్న మాట. బుద్ధుడు తొలి భిక్షువులను లోకంలోకి పంపుతూ అన్నట్టు చెప్పే ‘బహుజన హితాయ, బహుజన సుఖాయ’ అన్న మాటనే మన ఆకాశవాణి ధ్యేయవాక్యంగా తీసుకుంది. అందులో హితం, సుఖం అని రెండు వేరు వేరు మాటలు ఉన్నాయి, పైగా హితమే ముందుంది. మందు హితం కావచ్చు, సుఖం కాదు. మత్తు సుఖం కావచ్చు, హితం కాదు. బెంథమ్ ఈ రెంటినీ ఒకటిగా కలిపేశాడని నాకు అనిపిస్తుంది. గోదావరి గట్టు గారి సందేహం ఆ అతుకు దగ్గర నుంచే వచ్చిందేమో పరిశీలించండి.

నైట్ డ్యూటీ:

నేను తత్త్వశాస్త్రం చదువుకోలేదు. ఇరవై రెండేళ్లుగా సర్జికల్ వార్డులో నర్సుగా పనిచేస్తున్నాను. ఈ చర్చలో కొలత గురించి వచ్చిన మాటలు నా రోజువారీ పనికి చాలా దగ్గరగా ఉన్నందువల్ల రాస్తున్నాను.

ఆపరేషన్ అయిన రోగిని మేము 0 నుంచి 10 వరకు నొప్పి ఎంత ఉందో చెప్పమని అడుగుతాం. 0 అంటే నొప్పి లేదు, 10 అంటే ఇంతకు మించినది ఊహించలేనంత. రోగి చెప్పిన అంకెను కేసు షీటులో రాస్తాం. పల్లెల నుంచి వచ్చిన ముసలమ్మలు చాలామంది ‘పర్లేదమ్మా, రెండు వేసుకో’ అంటారు. అదే సమయంలో వారి పిడికిలి దుప్పటిని గట్టిగా పట్టుకుని ఉంటుంది, నాడి వేగంగా కొట్టుకుంటూ ఉంటుంది, నుదుటి మీద చెమట ఉంటుంది. కొత్తగా చేరినప్పుడు నేను ఆ రెండునే రాసుకుని వెళ్లిపోయేదాన్ని. ఇప్పుడు అంకె అడగను, లేదా అడిగి అక్కడితో ఆగను. రాత్రి నిద్ర పట్టిందా అమ్మా, పక్కకు తిరగగలుగుతున్నావా, దగ్గు వస్తే ఏం చేస్తున్నావు అని అడుగుతాను. దగ్గు వస్తే ఆపుకుంటున్నాను తల్లీ అంటే, ఆ నొప్పి రెండు కాదు. నొప్పికి భయపడి దగ్గకపోతే ఊపిరితిత్తుల్లో కఫం పేరుకుని న్యుమోనియా వస్తుందని కూడా మాకు తెలుసు, కనుక ఆ తప్పు అంకె వల్ల ప్రాణం మీదికి వస్తుంది.

ప్లీడరు గారు చెప్పిన సింగూరు వితంతువుల్లో నాకు నా ముసలమ్మలే కనిపించారు. అయితే ఆయన చేరుకున్న ముగింపును నేను చేరుకోలేకపోతున్నాను. రోగి చెప్పిన అంకె తప్పయితే నొప్పిని కొలవడమే మానేయాలని మేము అనుకోలేదు, ఇంకా శ్రద్ధగా కొలవడం నేర్చుకున్నాం. దొడ్డమ్మ గారిని నీకు కష్టంగా ఉందా అని అడిగారు. ఏకాదశి మరునాడు పొద్దున్నే మడి నీళ్లు మోసేటప్పుడు కళ్లు తిరిగేవా అని, పక్క గదిలో పెళ్లి మేళం వినిపిస్తుంటే నీ చేతులు ఏం చేస్తూ ఉండేవి అని అడిగి ఉంటే ఏమని చెప్పేవారో మనకు తెలియదు. మరొక్క మాట. నా అనుభవంలో సుఖం, నొప్పి ఒకే కాటాకు రెండు పళ్లేలు కావు. సుఖాన్ని పెంచడం కంటే బాధను తగ్గించడం ముందు వస్తుంది, బాధలో ఉన్న మనిషి పిలుపుకు ఉన్న తొందర వేరు.

తత్త్వం చదువుతున్నాను:

నర్సమ్మ గారి చివరి మాటను తత్త్వవేత్త కార్ల్ పాపర్ 1945లో దాదాపు ఇదే అర్థంలో రాశాడు. గరిష్ఠ సుఖం కోసం కాక, తప్పించగలిగిన బాధను కనిష్ఠం చేయడం కోసం రాజ్యం పనిచేయాలని ఆయన అభిప్రాయం. వార్డులో నేర్చుకున్న మాట గ్రంథంలోని మాటతో కలవడం నాకు సంతోషంగా ఉంది.

అసలు ప్రశ్నకు మిల్ దగ్గర ఒక సమాధానం ఉంది, అది ఆయన సొంత జీవితం నుంచి వచ్చింది. తండ్రి జేమ్స్ మిల్, బెంథమ్ కలిసి ఆ పిల్లవాణ్ని చిన్ననాటి నుంచీ ఉపయోగితావాదానికి వారసుడిగా తయారు చేశారు. 1826లో, ఇరవై ఏళ్ల వయసులో, లండన్‌లో ఈస్టిండియా కంపెనీ కార్యాలయంలో ఉద్యోగం చేస్తూ ఉండగా, నీవు కోరుకున్న సంస్కరణలన్నీ ఈ క్షణమే నెరవేరితే నీకు గొప్ప ఆనందం కలుగుతుందా అని తనను తాను ప్రశ్నించుకున్నాడు. కలగదని మనసు చెప్పింది. అక్కడితో ఆయన జీవితానికి ఆధారంగా నిలిచినదంతా కూలిపోయింది. నెలల తరబడి సాగిన ఆ దిగులు నుంచి కోలుకోవడానికి వర్డ్స్‌వర్త్ కవిత్వం తోడ్పడిందని ఆయనే తన ఆత్మకథలో రాసుకున్నాడు. సుఖాన్నే గురిగా పెట్టుకున్నవారికి సుఖం దొరకదని, మరొకదాని మీద మనసు నిలిపినవారికే అది దారిలో తారసపడుతుందని ఆయన గ్రహించాడు.

అందువల్లే 1861లో ఉపయోగితావాదం మీద రాసిన వ్యాసాల్లో ఆయన బెంథమ్ నుంచి పక్కకు జరిగాడు. సుఖాల్లో పరిమాణమే కాక నాణ్యత కూడా ఉందని, తృప్తి వేరు, సుఖం వేరు అని, తక్కువ ఆశించే జీవికి తృప్తి సులభంగా దొరుకుతుందని అన్నాడు. రెండు సుఖాల్లో ఏది మేలైనదో చెప్పడానికి ఆ రెంటినీ అనుభవించినవారే యోగ్యులైన తీర్పరులని కూడా అన్నాడు. దొడ్డమ్మ గారి నెమ్మదిని మిల్ కాదనడు. అయితే ఆమెకు తెలిసినది ఒక్క జీవితమే కనుక, ఆ జీవితంలో లోటు లేదన్న ఆమె సాక్ష్యానికి అంత బరువు ఇవ్వడు.

రాజమండ్రి పాఠకురాలు:

ఇంతసేపూ అందరూ ఒక్క దొడ్డమ్మ గారి సుఖదుఃఖాలనే లెక్కిస్తున్నారు. ఉపయోగితావాదం అందరి సుఖదుఃఖాలనూ లెక్కించమంటుంది కదా. అలా లెక్కిస్తే ఏం జరుగుతుందో మా ఊరి చరిత్రే చెబుతుంది.

వితంతు వివాహాలను చట్టబద్ధం చేసిన శాసనం 1856లో వచ్చింది. మా ఊళ్లో కందుకూరి వీరేశలింగం పంతులు గారు తొలి వితంతు వివాహం జరిపించినది 1881 డిసెంబరు 11న. చట్టానికీ పెళ్లికీ మధ్య ఇరవై అయిదేళ్లు గడిచాయి. ఆ ఒక్క పెళ్లి ఊరినంతటినీ కుదిపేసింది. వెలి వేశారు. వంటవారు, నీళ్లు తెచ్చేవారు రావడం మానేస్తే, పంతులు గారి భార్య రాజ్యలక్ష్మమ్మ గారే గోదావరి నుంచి నీళ్లు మోసుకువచ్చి పెళ్లివారికి వండిపెట్టారు. కాకినాడ వర్తకులు పైడా రామకృష్ణయ్య గారు ధనసహాయం చేయకపోతే ఆ ఉద్యమం నడిచేదే కాదు. ఇప్పుడు నన్ను లెక్క వేయనివ్వండి. ఒక పక్క ఒక బాలవితంతువు, ఆమెను చేసుకున్న యువకుడు, వారికి అండగా నిలిచిన కొద్దిమంది. మరో పక్క, ధర్మం మంటగలిసిందని నిజంగా కుమిలిపోయి, నిద్ర పట్టక, అన్నం సయించక బాధపడిన వేలమంది. వారి బాధ నటన కాదు. ప్రతి ఒక్కరినీ ఒకరిగానే లెక్కించాలన్న సూత్రం ప్రకారం కూడితే, మాస్టారూ, ఆ పెళ్లి జరగకూడదనే లెక్క తేలదా? ఈ ప్రశ్న ఎవరినీ ఇరుకున పెట్టడానికి అడగడం లేదు. పంతులు గారు చేసినది సరైనదని నా ప్రాణం చెబుతోంది, ఏ సిద్ధాంతం ఆ మాట స్పష్టంగా చెప్పగలదో తెలుసుకోవాలని ఉంది.

లెక్కల మాస్టారు:

అమ్మా, ఈ ప్రశ్న మీద నేను రెండు రోజులు కూర్చున్నాను. మొదట తట్టిన సమాధానం దీర్ఘకాలపు లెక్క. ఆనాటి వేలమంది కోపం కొన్ని ఏళ్లకు చల్లారింది, ఆ తరువాతి తరాల ఆడపిల్లలకు కలిగిన మేలు నేటికీ కొనసాగుతోంది. బెంథమ్ చెప్పిన వ్యవధి, విస్తృతి అన్న కొలతలు రెండూ పంతులు గారి పక్షానే నిలుస్తాయి. ఈ సమాధానం నిజమే కానీ చాలదు. ఒకవేళ ఆ కోపం ఎన్నటికీ చల్లారకపోతే అని మీరు అడుగుతారు, అడగాలి కూడా.

రెండో సమాధానం 1859లో మిల్ స్వేచ్ఛ మీద రాసిన గ్రంథంలో ఉంది. తన నమ్మకాల మీద మనిషికి ఉండే మమకారమూ, ఆ నమ్మకాలు చూసి నొచ్చుకునే ఇతరుల బాధా సమానం కావని, సొంతదారు తన సంచిని కాపాడుకోవాలనుకోవడం, దొంగ దాన్ని కాజేయాలనుకోవడం ఒకే కాటాలో తూగవని ఆయన అన్నాడు. జాన్ హర్సానీ అనే అర్థశాస్త్రవేత్త కూడా, ఇతరుల కీడు కోరే కోరికలను సామాజిక లెక్కలో కలపకూడదని వాదించాడు.

ప్లీడరు, గుంటూరు:

మాస్టారూ, మీరు చెప్పినదాన్ని నేను మనస్ఫూర్తిగా ఒప్పుకుంటాను. అయితే ఏ బాధలను లెక్కలోకి తీసుకోవాలి, ఏ బాధలను గడప బయటే ఆపాలి అని నిర్ణయించే ఆ జల్లెడను ఎవరు అల్లారు? దొంగ ఆశ తూగదని చెప్పాలంటే, ముందుగా ఆ సంచి ఎవరిదో తేలాలి. సంచి ఎవరిదన్నది సుఖం లెక్క కాదు, హక్కు లెక్క. 1971లో అమెరికన్ తత్త్వవేత్త జాన్ రాల్స్ ఉపయోగితావాదం మీద మోపిన ప్రధానమైన అభియోగం ఇదే. ఒకే మనిషి నేటి కష్టాన్ని రేపటి సుఖం కోసం ఓర్చుకోవడం వివేకం, కానీ ఒకరి కష్టాన్ని మరొకరి సుఖంతో కొట్టివేయడం మనుషులు వేరు వేరు అన్న సత్యాన్ని మరిచిపోవడం. ఆ బాలవితంతువు ఎవరి జమాఖర్చులోనూ ఒక పద్దు కాదు.

లెక్కల మాస్టారు:

ఒప్పుకుంటున్నాను. ఆ జల్లెడ సుఖం దారాలతో మాత్రమే అల్లినది కాదు. నలభై ఏళ్లుగా నమ్మినదాన్ని ఒక్కసారిగా వదులుకోలేను కానీ, ఈ చోట నా లెక్కలో తేలని శేషం మిగులుతోందని దాచను. అయితే మీరు కూడా ఒక మాట ఆలోచించండి. హక్కులు అన్నవి ఎందుకంత విలువైనవి? అవి లేనిచోట మనుషులు బాధపడతారు కనుక కాదా? అసలు బాధే తెలియని రాయికి మనం హక్కులు ఇవ్వలేదు. జంతువుల విషయంలో బెంథమ్ అడిగినది కూడా అదే, అవి ఆలోచించగలవా, మాట్లాడగలవా అని కాదు, బాధపడగలవా అని. హక్కు గోడ అయితే, ఆ గోడ దేని చుట్టూ కట్టారో ఆ లోపలి దీపం మాత్రం సుఖదుఃఖాలు అనుభవించే శక్తే అని నేను ఇప్పటికీ నమ్ముతున్నాను.

గోదావరి గట్టు:

మీ అందరికీ కృతజ్ఞతలు. ఇన్ని రోజులు సమాధానం రాయకపోవడానికి కారణం ఉంది. నర్సమ్మ గారు రాసినది చదివిన తరువాత, అడగవలసిన ప్రశ్నలు నేను అడగలేదన్న బాధతో, మా చిన్నాన్నగారి దగ్గరికి వెళ్లాను. ఆయనకు ఇప్పుడు ఎనభై ఎనిమిదేళ్లు. దొడ్డమ్మ పెంచిన పిల్లల్లో మిగిలినవారు ఆయన ఒక్కరే.

నాకు తెలిసిన మా మేనత్త బడిపంతులమ్మ. రంగు చీరలు, చేతినిండా గాజులు, ఎదురుగా నిలబడి మాట్లాడే ధైర్యం. ఆమెకు పద్దెనిమిదో ఏట భర్త పోయాడని నాకు తెలుసు కానీ, ఆ తరువాత ఏం జరిగిందో ఎవరూ చెప్పలేదు, నేనూ అడగలేదు. చిన్నాన్నగారు అప్పుడు తొమ్మిదేళ్ల పిల్లవాడు. పదో రోజున బంధువులంతా చేరారు, క్షురకుణ్ని పిలిపించారు, మా తాతగారు ఎటూ చెప్పలేక తల వంచుకుని కూర్చున్నారు. అంతవరకూ నలుగురిలోకి ఎన్నడూ రాని దొడ్డమ్మ పెరటి వసారా నుంచి లేచి, నట్టింట్లోకి వచ్చి, ఆ పిల్ల పక్కన కూర్చుని, ఆమె ముంజేతిని గాజులతో సహా తన రెండు చేతులతో పట్టుకుందట. దీని ఒంటి మీద ఎవరైనా చెయ్యి వేస్తే ఈ ఇంట్లో నేను మంచినీళ్లు ముట్టను అన్నదట. పొద్దు గూకేదాకా ఆ చెయ్యి వదలలేదట. మరుసటి ఏడు మేనత్తను టీచర్ ట్రైనింగుకు పంపించారు.

రెండు జీవితాలూ తెలిసినవారే తీర్పు చెప్పగలరని మిల్ అన్నట్టు పై సభ్యులు రాశారు. దొడ్డమ్మకు తెలిసినది ఒక్క జీవితమే. అయినా ఆ రోజు ఆమె తీర్పు చెప్పింది. ముప్పై నాలుగేళ్ల తరువాత, బియ్యం ఏరుతూ నాతో నాకేం లోటు అన్నదీ ఆమే. ఆ రెండు మాటల్లో ఏది అబద్ధమో నేను చెప్పలేను, రెండూ నిజమే అయి ఉండవచ్చు.

వచ్చేముందు చిన్నాన్నగారిని ఇంకొకటి అడిగాను, ఆ రోజు తరువాత దొడ్డమ్మ విషయంలో ఏమైనా మారిందా అని. ఏమీ మారలేదన్నారు. ఆ మరుసటి నెల అదే క్షురకుడు మామూలుగానే వచ్చాడట, ఆమె వెళ్లి పెరట్లో నూతి అరుగు మీద కూర్చుని తల వంచిందట.